లోవరాజు మృగం వేషం

రండి, రండమ్మా, ఇలా దగ్గరికి జరిగి కూచోండి. ఆ కుర్చీలు అక్కడ వదిలెయ్యండి, తివాచీ శుభ్రంగానే ఉంది. నా గొంతు మునుపటిలా లేదు, వెనక కూచుంటే సగం మాటలు ఏసీ హోరులోనే కలిసిపోతాయి. బిర్యానీ ఇంకా దమ్ము మీదే ఉందంట. మీ ఎస్తేరు మామ్మ ఇప్పుడే వంటింట్లోంచి తల బయటపెట్టి చెప్పింది, "ఈలోగా ఆ ముసలాయన చేత ఏదన్నా చెప్పించుకోండి, లేకపోతే వచ్చి నా గరిటె కింద నిలబడతాడు" అని. చూశారా నా మర్యాద! సరే, కాలేబూ, నువ్విలా ఎదురుగా రా. ఏంటయ్యా నీ చొక్కా మీద ఆ బొమ్మ? అబ్బే, చెయ్యి అడ్డం పెట్టుకోకు, తిట్టడానికి కాదు. ఊళ్ళు తొక్కుకుంటూ పోయే జపాను సినిమా మృగమా? అదే అనుకున్నాను. ఇందాక ఆరాధనలో నువ్వు లేచి నిలబడ్డప్పుడల్లా, దేవుడు క్షమించుగాక, నా కళ్ళు దాని మీదికే పోయాయి. వీపు కూడా గీశారేమో చూద్దామని. ఎందుకంటే దాని వీపున ఒక జిప్పు ఉంటుంది. పైకి కనబడదు, ముళ్ళ కింద దాచి కుడతారు. లోపలున్నవాడు దాన్ని తీసుకోలేడు. బయటనుంచి ఇంకొకడు తియ్యాలి. నాకెలా తెలుసా? ఆ తోలు తొడుక్కుని ఏళ్ళకేళ్ళు బతికిన మనిషి ఇదే హాల్లో, అదుగో, ఆ గుమ్మం దగ్గర చెప్పుల పక్కన కూచునేవాడు. లోవరాజు గారని. మీరెవరూ చూసి ఉండరు. మీరంతా విమానం ఎక్కేసరికే ఆయన వెళ్ళిపోయి చాలా కాలమైంది.

మాది కాకినాడ, ఆయనది ఉప్పాడ. అంటే పక్క పక్కనే. అయినా ఆయన్ని నేను మొదట చూసింది ఇక్కడే, ఇరాకు మీద యుద్ధం జరిగిన ఏడు. ఇక్కడి మీనా సల్మాన్ రేవులో ఓడల సామాను పెట్టే గోడౌనుకి వాచ్‌మన్ ఆయన. నర్సింలని జగిత్యాల అబ్బాయి, అదే గోడౌన్లో పికప్ నడిపేవాడు, ఓ శుక్రవారం ఈసా టౌన్‌లో సామాను దించి పోతూ ఈ వీధిలో బండాపి, "పెద్దాయనా, గీడ ఎవరో తెలుగుల పాడుతున్నరు, ఇంటవా?" అన్నాడంట. ఈయన దిగి వచ్చాడు. వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. చామనఛాయ, భుజాలు ఇంత వెడల్పు, మెడ అన్నదే లేదు, తల తిన్నగా భుజాల మీద పెట్టినట్టుండేది. లోపలికి రండి బ్రదర్ అన్నాను. వచ్చాడు గాని, ఆ రావడం చూడాలి మీరు. నేల వంక చూస్తూ, ఒక కాలు ఎత్తి, ఎక్కడ దించాలో వెతుక్కుని, మెల్లిగా దించి, ఆ తరవాత రెండోది. ఖాళీ నేలే! ఏమీ లేదు అక్కడ! నర్సింలు వెనకనుంచి నవ్వుతున్నాడు, "ఎప్పుడూ గంతే సార్. కింద కోడిపిల్లలు తిరుగుతున్నట్టు నడుస్తడు. రోడ్డు దాటాలంటే గీయనతోని నాకు తెల్లారిపోతది." అందరం నవ్వాం. ఆయన కూడా నవ్వాడు. కాని కాలు మాత్రం అలాగే దించాడు.

ఆ నడక సంగతి తెలియడానికి నాకు కొన్ని నెలలు పట్టింది. ఎస్తేరు చేపల పులుసు కట్టిస్తే నేను పట్టుకెళ్ళి గోడౌను పక్కన ఆయన రేకుల గదిలో ఇచ్చేవాణ్ణి. ఉప్పాడ మనిషికి పులుసు పెడితే నోరు దానంతటదే తెరుచుకుంటుంది కదా. కుర్రతనంలో ఓడ ఎక్కాడంట. బొగ్గు ఓడ. బాయిలరు దగ్గర పారతో బొగ్గు ఎగదోసే పని. ఆ వేడికి మనిషన్నవాడు పావుగంట నిలబడలేడు, ఈయన డ్యూటీ అంతా నిలబడేవాడు. జపానులో యొకహామా రేవులో ఉండగా కామెర్లొచ్చి ఆస్పత్రిలో పడ్డాడు. ఓడ వెళ్ళిపోయింది. ఆస్పత్రిలోంచి బయటపడ్డ పరాయిదేశం మొహం కోసం వెతుక్కునే ఏజెంటు ఒకడు ఉండేవాడంట అక్కడ, సినిమా వాళ్ళకి అప్పజెప్పడానికి. ఆ మృగాల సినిమాల్లో ఎప్పుడూ ఓ పరాయివాడు కావాలి. దీవిలో రాజు ఒకడు, మృగం ముందు మోకరించి చచ్చిపోడానికి. పటం ముందు కర్ర పట్టుకుని 'ప్రపంచానికి ముప్పు' అని చెప్పే డాక్టరు ఒకడు. రెండూ ఈయనే వేశాడు. మొహానికి నల్లరంగు పూస్తే రాజు, తెల్లకోటు తొడిగితే డాక్టరు. మాట రాదు కదా మరి? "నీకొచ్చిన భాషలో ఏదో ఒకటి అను, పెదాలు కదిలితే చాలు, గొంతు మేం పెట్టుకుంటాం" అన్నారంట. ఈయన తెల్లకోటేసుకుని, కళ్ళు పెద్దవి చేసి, ఉప్పాడ చేపల రేవులో వాళ్ళమ్మ తూకం దగ్గర తిట్టే తిట్లన్నీ తిట్టేవాడు. తెర మీద చూస్తే లోకాన్ని రక్షించే గంభీరమైన మాటలు! నవ్వండి నవ్వండి. నాకు చెప్పినప్పుడు ఆయన కూడా కళ్ళనీళ్ళు వచ్చేదాకా నవ్వాడు. పాపం, ఆ ఒక్క భాగమే నవ్వుతూ చెప్పేవాడు.

తరవాతది వేషం. మృగం తోలు తొడుక్కునేవాళ్ళు పెద్ద దీపాల కింద కళ్ళు తిరిగి పడిపోతున్నారు. రబ్బరు, దాని కింద గుడ్డ, దాని కింద తీగల చట్రం, దాని కింద మనిషి. బస్తా బియ్యం వీపున కట్టుకుని బాయిలర్లోకి దిగినట్టే. ఎవరో అన్నారంట, "ఈ హిందూ దేశపువాడు బొగ్గు ఓడలో చేశాడు, వీణ్ణి తొడిగి చూడండి" అని. తొడిగారు. మధ్యాహ్నందాకా నడిపారు. తీసి చూస్తే లోపల చెమట కుండతో పోసినట్టుందంట, మనిషి మాత్రం నీళ్ళిమ్మని అడిగి, తాగి, మళ్ళీ తొడగమన్నాడు. అంతే. ఆ రోజునుంచి రాజూ లేడు, డాక్టరూ లేడు. ఏడాదికో మృగం, ఒక్కోసారి రెండు. ఊరూరా గోడల మీద ఆయనే, కాని ఆయన మొహం ఎవరికీ తెలీదు. లోపల ఎలా ఉండేది అని అడిగాను. "చీకటి, ప్రేమయ్య గారూ. మెడ దగ్గర నాలుగు బొక్కలుంటాయి, గాలికి. బయట ఏం అరిచినా వినపడదు. నా ఊపిరి నాకే వినపడుతుంది, పక్కన ఇంకొకడెవడో పడుకుని తీస్తున్నట్టు" అన్నాడు. ఆ 'ఇంకొకడు' అన్న మాట అప్పుడు నేను పట్టించుకోలేదు.

ఆ నడక? చెప్తాను, ఆగమ్మా. ఊరు కడతారు కదా, మోకాలి ఎత్తున. మేడలు, రైలు పట్టాలు, కరెంటు స్తంభాలు. మృగం వాటిని తొక్కాలి. ఒకనాడు తొక్కేముందు ఆ బొక్కల్లోంచి కిందికి చూస్తే ఒక ఇంటి కిటికీ కనిపించింది. లోపల బల్ల ఉంది. బల్ల మీద వేలి గోరంత గిన్నెలు. గిన్నెల పక్కన వాళ్ళు తినే పుల్లలు. కెమెరా ఆ ఇంట్లోకి ఎప్పటికీ చూడదు, ఎవరూ చూడరు, అయినా కట్టినవాడు భోజనానికి పిలిచినట్టు అన్నీ సర్ది పెట్టాడు. ఈయన ఎత్తిన కాలు అలాగే పట్టుకుని నిలబడిపోయాడు. డైరెక్టరు అరుస్తున్నాడు, "తొక్కు! తొక్కవేం! ఊరు తొక్కు!" తొక్కాడు. తొక్కక తప్పుతుందా. కాని అప్పటినుంచి ఎక్కడ కాలు దించినా కింద ఎవరో భోజనానికి కూచుని ఉంటారనిపించేదంట. ఈ హాలు నేల మీద ఆయన వెతుక్కున్నది అదే. కృపా, నువ్వు కాళ్ళు దగ్గరికి లాక్కోనక్కర్లేదమ్మా, ఇక్కడేం లేవు.

ఎక్కడున్నాను? ఆఁ, జిప్పు. జిప్పు తియ్యడానికి తకేవో అని ఒక కుర్రాడుండేవాడు. ఈయనకి తమ్ముడిలాంటివాడు. చన్నీళ్ళ గుడ్డ అందించడం, మెడ బొక్కలోంచి గొట్టం పెట్టి నీళ్ళు తాగించడం, అన్నీ వాడే. వాళ్ళిద్దరి మధ్య ఒక గుర్తు. లోపల ఊపిరి ఆడకపోతే రెండు చేతులూ పైకెత్తాలి. ఎత్తగానే తకేవో పరిగెత్తుకొచ్చి జిప్పు తీస్తాడు. ఆ గుర్తు వాళ్ళిద్దరికే తెలుసు, మూడోవాడికి అవసరం పడలేదు. ఒకరోజు తెలిసిందంట, యొకహామా రేవుకి మనవైపు కలాసీలున్న ఓడ వచ్చిందని. ఎన్నేళ్ళయిందో తెలుగు విని! వెళ్ళాలని ప్రాణం కొట్టుకుపోతోంది. తకేవో అన్నాడు, "అన్నా, నువ్వెళ్ళిరా. రేపు నీళ్ళలో చచ్చిపోయే సీనొక్కటే కదా, నేను తొడుక్కుంటాను, ఎవరికి తెలుస్తుంది?" ఈయన వెళ్ళాడు. ఓడ మీద కూచుని కడుపునిండా చారన్నం తిన్నాడు. ఆ వేళకే అక్కడ షూటింగు తొట్టిలో తకేవో నీళ్ళలోకి దిగాడు. రబ్బరు నీళ్ళు పీల్చుకుంది, బరువెక్కింది, కిందికి లాగింది. వాడు రెండు చేతులూ పైకెత్తాడు. ఎత్తి కొట్టుకున్నాడు. కాని ఆ సీన్లో మృగం చెయ్యాల్సింది అదే కదండీ? చేతులెత్తి, కొట్టుకుని, మునగాలి. గుర్తు తెలిసినవాడు ఒకడు లోపల ఉన్నాడు, ఇంకొకడు చారన్నం తింటున్నాడు. డైరెక్టరు "భేష్! భేష్! ఆపకు!" అంటున్నాడు. అయిపోయాక అందరూ లేచి చప్పట్లు కొట్టారంట. చప్పట్లు ఆగాక, ఇంకా పైకి రాడేంటని చూశారు.

   ఇంకా ఉంది. ఆ సీను సినిమాలోంచి తియ్యలేదు. అంత బాగా మళ్ళీ రాదన్నారు. హాలంతా ఏడ్చిందంట, మృగం మీద జాలితో. బయటివాళ్ళకి లోపల ఎప్పుడూ లోవరాజే కదా, ఎక్కడ కనిపించినా చెయ్యి పట్టుకుని, "ఆ చావు ఎంత బాగా చేశావు!" అనేవారు. ఆయన వేషాలన్నిటిలో గొప్ప వేషం అదే. ఆయన వెయ్యలేదు. ఇక మళ్ళీ తొడుక్కోలేదు. కంపెనీవాళ్ళు ఆ తోలు పారేస్తుంటే, మెడదాకా కోసి తల ఒక్కటీ తెచ్చుకున్నాడు, జిప్పు పై ముక్కతో సహా. మళ్ళీ ఓడలెక్కి, ఆ రేవూ ఈ రేవూ తిరిగి, ఓడలు బాగుచేసే పనికి ఇక్కడ దిగి, ముసలితనంలో వాచ్‌మన్ అయ్యాడు. తల మాత్రం ఇనప్పెట్టెలో ఆయన వెంటే తిరిగింది.

నేను చూశాను దాన్ని. రబ్బరు పగుళ్ళిచ్చి చింతబోదెలాగైంది, ఒక కన్ను లేదు. రోజూ పొద్దున్నే డ్యూటీ దిగగానే ఆ జిప్పు తీసేవాడు. "రా తమ్ముడూ" అనేవాడు, అంతే, ఇంకేం మాట్లాడడు. పెట్టె మూసి, తాళం వేసి, తాళంచెవి మొలతాడుకి కట్టుకునేవాడు. సాయంత్రం తెరిచి చూస్తే జిప్పు మళ్ళీ మూసుకుని ఉండేది. లేదయ్యా కాలేబూ, ఇంకెవడి దగ్గరా చెవి లేదు. నర్సింలు నాతో ఒట్టేసి చెప్పాడు. ఓ మధ్యాహ్నం కరెంటు పోయి ఏసీలు, ఫ్యాన్లు, గోడౌన్లో పెద్ద ఫ్రిజ్‌లు అన్నీ ఆగిపోయాయంట. అంత చప్పుడు ఒక్కసారి ఆగితే చెవులు గుయ్యిమంటాయి కదా. ఆ గుయ్యిలో పెట్టె లోపలనుంచి వచ్చిందంట. "సార్, కొండగట్టు మీద ఆన. ఎవడో బుస్ బుస్మని ఊపిరి తీస్తున్నడు. నేను దుబాయి కొచ్చింది కష్టం జేసుకొని బతకనీకె, జపాను దయ్యాలతోని కొట్లాడనీకె కాదు" అని ఆ వారమే పనివాళ్ళుండే క్యాంపు మార్పించుకున్నాడు. వాళ్ళవైపు గల్ఫులో ఏ దేశమైనా దుబాయే కదా. నేను విన్నానా? ఒకసారి పెట్టె మీద చెయ్యి ఆనించాను. ప్రభువు ఎదుట చెప్తున్నాను, విన్నాననీ అనను, వినలేదనీ అనను. చెయ్యి మాత్రం వెంటనే తీసేశాను.

అలాంటి మనిషి ఒక శుక్రవారం ప్రార్థన అయ్యాక పాస్టరు బెన్‌హర్ గారి ముందుకొచ్చి నిలబడ్డాడు. "అయ్యగారూ, మీరు నీళ్ళలో ముంచినవాణ్ణి మళ్ళీ పైకి లేపుతారటగా. నిజమేనా?" పాస్టరుగారు నవ్వి, "ముంచేదే లేపడానికి లోవరాజు గారూ" అన్నారు. "తప్పకుండా లేపుతారా?" "తప్పకుండా." "అయితే నన్ను ముంచండి" అన్నాడు. మన పిల్లలు అప్పుడు కూడా నవ్వారు. నాకు తెలుసు ఆయన ఏమడుగుతున్నాడో, నేను నవ్వలేదు. ఆ ముసలాయన బతుకులో ఇంకేమీ కోరలేదు. మునిగి, ఎవరో ఒకరు చెయ్యి పట్టి లేపితే లేవాలి. అంతే.

కాని మన పద్ధతి ఉంది కదా. బాప్తిస్మానికి ముందు తాయెత్తులు, పటాలు, దారాలు, ఏవున్నా తెచ్చి పెట్టాలి. సోమేశ్వరరావు గారని మన సంఘానికి పెద్దగా ఉండేవారు, అకౌంట్స్ పని, మాట కత్తిరించినట్టు ఉండేది. మంచివాడే, ఎవరికి ఒంట్లో బాగోకపోయినా మొదట కారు తీసేది ఆయనే. కాని పెట్టె సంగతి ఆయన చెవిన పడింది. "రోజూ దానితో మాట్లాడతావంట. అదేంటి మరి, విగ్రహం కాక? శుక్రవారం బుసైతీన్ సముద్రం ఒడ్డుకి తీసుకురా. ముందు అది నీళ్ళలోకి, తరవాత నువ్వు."  లోవరాజు గారు నేల వంక చూస్తూనే అన్నాడు, "ఇంకేం చెయ్యమన్నా చేస్తాను బాబూ. వాణ్ణి మళ్ళీ నీళ్ళలో వెయ్యమనకండి." "వాణ్ణా? ఎవణ్ణి? రబ్బరుని పట్టుకుని వాడూ వీడూ అంటే దాన్నే విగ్రహారాధన అంటారు!" పాస్టరుగారు ఏదో సర్దబోయారు. ఈయన అప్పటికే చెప్పులు వెతుక్కుంటున్నాడు. "అయితే నాకు కుదరదండి" అన్నాడు. గుమ్మం దాటి, అదుగో అలా, కాలు చూసుకుంటూ చూసుకుంటూ వెళ్ళిపోయాడు. ఆయన వెనక ఆ రోజు ఎవరూ నవ్వలేదు.

ఆ శుక్రవారం బాప్తిస్మాలకి నేనే బతిమాలి తీసుకెళ్ళాను, చూడ్డానికి. ఎండ ఇంకా ముదరని రోజులు. మన కాకినాడ సముద్రం అయితే నాలుగడుగులేస్తే మెడదాకా వస్తుంది. ఇక్కడ బుసైతీన్‌లో ఎంత దూరం నడిచినా మోకాలి లోతే, పళ్ళెంలో పోసినట్టు. అందుకని పాస్టరుగారు, బాప్తిస్మం తీసుకునేవాళ్ళు చాలా లోపలికి నడిచి, నడుము లోతు వచ్చాక ఆగారు. ఒడ్డునుంచి చూస్తే తెల్లబట్టలు మాత్రం కనబడతాయి, మొహాలు కనబడవు. మనకి తెలియనిదేంటంటే, అక్కడ సముద్రం పూడ్చడానికి ఇసక తోడేస్తున్నారు. నడుము లోతు పక్కనే నిలువు గొయ్యి. పైనుంచి చూస్తే నీళ్ళన్నీ ఒక్కలాగే ఉన్నాయి. మొదట ఏంజెల్. పాలకొల్లు పిల్ల, ఒక ఇంట్లో పనికి ఉండేది, ఆ ఒక్కపూట సెలవు అడుక్కుని వచ్చింది. ముంచారు, లేపారు. ఆ పిల్ల ఆనందంతో రెండు చేతులూ పైకెత్తి స్తోత్రం చేస్తూ వెనక్కి వెనక్కి అడుగులేసింది. పాస్టరుగారు రెండోవాళ్ళ వైపు తిరిగారు. ఏంజెల్ ఒక్కసారి మెడదాకా దిగింది. చేతులు పైనే ఉన్నాయి. ఊగుతున్నాయి. తల మునిగింది, లేచింది, మళ్ళీ మునిగింది. ఒడ్డున మనమందరం ఏం చేశామో తెలుసా? చప్పట్లు. "ఆత్మ దిగింది! హల్లెలూయ!" అని మొదట కేక పెట్టింది సోమేశ్వరరావు గారు. ఎస్తేరు తంబురీను ఎత్తి వాయించింది. ఆ పిల్ల ఎంత గట్టిగా కొట్టుకుంటే అంత గట్టిగా కొట్టాం చప్పట్లు. ఆ నీళ్ళలో ఆ పిల్లకి వినబడ్డాయంట అవన్నీ. తరవాత చెప్పింది. "అందరూ నన్ను చూస్తున్నారు, నేను చచ్చిపోతుంటే పాడుతున్నారు, ఇదే నరకమేమో అనుకున్నాను" అని.

నా పక్కన లోవరాజు గారు చప్పట్లు కొట్టడంలేదు. ఆ చేతుల వంక చూస్తున్నాడు. ఆయన మొహం అప్పుడు ఎలా ఉందో నేను చెప్పలేను. జపాను మాటలో ఏదో అరిచాడు. అరిచి పరిగెత్తాడు. చెప్పులతో, చొక్కాతో, ఆ వయసులో! కాళ్ళ కింద ఏముందో ఒక్కసారి కూడా చూసుకోలేదు. నీళ్ళు రెండు వైపులా గోడల్లా లేచాయి, ఆ వెడల్పు భుజాలూ, ఆ అరుపూ. నిజం చెప్తున్నాను, ఒడ్డున చేపలు పట్టుకునే అరబ్బు పెద్దాయన ఒకాయన గాలం వదిలేసి వెనక్కి జరిగాడు. పాస్టరుగారిని దాటి వెళ్ళి గోతిలోకి దిగిపోయాడు. ఇద్దరూ లేరు. ఆ సముద్రం మీద చిన్న అల కూడా లేదు. చప్పట్లు అప్పటికి ఆగాయి. ఎవరి చేతులు వాళ్ళకి బరువైపోయాయి. ఎంతసేపో నాకు తెలీదు, తరవాత ఆ పిల్ల ఎవరో కిందనుంచి తోసినట్టు పైకి లేచింది, ఆమె నడుం పట్టుకుని ఈయన. ఆ పిల్ల కళ్ళు తెరవకముందే, చెంప మీద తడుతూ అడుగుతున్నాడు, "ఊపిరి ఆడుతోందా అమ్మా? చెప్పు. ఊపిరి ఆడుతోందా?" ఆమె దగ్గి, "ఆడుతోంది" అనేదాకా వదల్లేదు.

ఇక్కడో సంగతుంది. మీరు నమ్మినా నమ్మకపోయినా అది మీ ఇష్టం. ఒడ్డున దుప్పటి కప్పుకుని ఏంజెల్ చెప్పింది. "లోవరాజు తాతయ్య నాకు ఎదురుగా వచ్చాడు. ఆయన రెండు చేతులూ నా నడుం మీదే ఉన్నాయి. మరి వెనకనుంచి వీపు మీద చెయ్యి వేసి పైకి తోసిందెవరు?" పాస్టరుగారు దేవదూత అన్నారు. నేను కూడా ఆమెన్ అన్నాను. ఇవాళ అడిగినా అంటాను. లోవరాజు గారు మాత్రం, "చిన్న చెయ్యేనా?" అని ఒక్కమాట అడిగాడు. "కుర్రాడి చెయ్యిలా" అంది ఆ పిల్ల. ఆయన లేచి, "ప్రేమయ్య గారూ, నన్నొకసారి నా గదికి తీసుకెళ్ళండి" అన్నాడు. పాస్టరుగారేమో కన్నీళ్ళతో, "ముందు రండి, మీకు బాప్తిస్మం ఇస్తాను, ఏమీ తేనక్కర్లేదు, ఏమీ వదలనక్కర్లేదు" అంటున్నారు. "వస్తానయ్యగారూ, చూసి వస్తాను" అన్నాడు.

తడిబట్టలతోనే కార్లో కూచోబెట్టుకుని మీనా సల్మాన్ పోయాను. సెలవురోజు, రేవు నిర్మానుష్యంగా ఉంది. మొలతాడునుంచి చెవి తీసి పెట్టె తెరిచాడు. పొద్దున తీసిన జిప్పు తీసినట్టే ఉంది. మూసుకోలేదు. దాని మీదికి వంగి చెవి పెట్టి విన్నాడు. చాలాసేపు. నేను గుమ్మంలోనే నిలబడ్డాను, లోపలికి కాలు రాలేదు. ఏసీ కూడా ఆపేశాడు వినడానికి. చివరికి తలెత్తి, "లేడు" అన్నాడు. "ఎవరండీ?" అన్నాను, తెలిసే. "వెళ్ళిపోయాడు. ఉత్త రబ్బరు ఇది." ఏడ్చాడా అంటే లేదు. పుట్టినవాణ్ణి చూసినట్టు నవ్వాడు. తిరిగొచ్చేసరికి ఎండ వాలింది. అందరూ అక్కడే ఉన్నారు, ఒక్కరు కదల్లేదు. ఏంజెల్ ఇంటివాళ్ళు ఫోను మీద ఫోను చేస్తున్నా ఆ పిల్ల కదల్లేదు. ఈసారి గోతి పక్కకి పోలేదు, ఒడ్డుకి దగ్గరగా, మోకాలి లోతులో పాస్టరుగారు ఆయన్ని పడుకోబెట్టి ముంచారు. చప్పట్లు లేవు. పాట లేదు. ఎవరూ ఊపిరి కూడా తియ్యలేదు. లేపారు. అప్పుడు ఒడ్డునుంచి సోమేశ్వరరావు గారు, ఆ కత్తిరించినట్టు మాట్లాడే మనిషి, ప్యాంటు తడుస్తున్నా చూసుకోకుండా నీళ్ళలోకి దిగి అడిగారు, "లోవరాజు గారూ, ఊపిరి ఆడుతోందా?" ఈయన మొహం తుడుచుకుని, "ఆడుతోంది బాబూ" అన్నాడు. "ఇన్నేళ్ళకి ఆడుతోంది."

మరుసటేడు చలికాలంలో పోయాడు, నిద్రలోనే, హాయిగా. అదంతా వేరే సంగతి. అమ్మా, అయ్యా, మీరు ఈ జపాను మృగాన్నీ, పెట్టెలో ఊపిరినీ మర్చిపోయినా నాకు బాధలేదు. ఒక్కటి మాత్రం గుర్తుపెట్టుకోండి. అందరూ చప్పట్లు కొడుతుంటే ఆ మనిషి కొట్టలేదు, దగ్గరికెళ్ళి ఊపిరి ఆడుతోందా అని అడిగాడు. మీ క్యాంపుల్లో, మీ డ్యూటీల్లో, చేతులెత్తి నవ్వుతూ కనిపించేవాళ్ళు ఎంతమంది లేరు? వెళ్ళి అడగండి. వాళ్ళు జవాబు చెప్పేదాకా అడగండి. ఈ రోజే, ఈ హాల్లోంచి బయటికి పోకముందే ఒక్కరినైనా...

ఏంజెల్ ఇప్పుడెక్కడుందా? ఆ... ఆ తరవాత నేనెప్పుడూ వెళ్ళి అడగలేదు... అదేంటి, మాడు వాసన వస్తోంది? ఎస్తేరూ! ఓ ఎస్తేరూ, అడుగంటుతోందేమో చూడవే!